కలల అకాడమీ సరే, జంక్షన్లో గడియారం సంగతేమిటి?

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ ఆదివారం అనుబంధంలో కలల అకాడమీ వ్యాసం వచ్చి తొమ్మిది రోజులైంది. వెంటనే రాద్దామని కూర్చున్నాను గానీ మధ్యలో మా అమ్మ పింఛను పని తగిలింది. ఆ సంగతి కింద రాస్తాను. వ్యాసంలో ఏముందో ఊరంతటికీ తెలుసు కాబట్టి మళ్ళీ చెప్పను. మన విశాఖలో ఋషికొండ దాటాక కొండవాలు మీద అద్దాల మేడ, నిద్రపోవడానికి గదులు, ఒక్కో గదిలో ఒక్కో వేళ చూపించే గడియారం. కలలు, జ్ఞాపకం, కాలం మీద పరిశోధన. బొమ్మ కూడా ఘనంగా వేశారు. ‘ఇది కేవలం ఊహ’ అన్న ముక్క మాత్రం ఎనిమిదో పేజీ అడుగున, చీరల దుకాణం ప్రకటనకి ఆనించి, చీమ తలకాయంత అక్షరాల్లో పెట్టారు. ఎనిమిదో పేజీ అడుగు దాకా ఎవరు చదువుతారండీ?

సోమవారం పొద్దున్నే పాల ప్యాకెట్లతో వస్తుంటే పక్కింటాయన గేటు దగ్గర పట్టుకున్నారు. “ఏటి మేస్టారూ, కలల అకాడమీ వచ్చీస్తందంట గదా, ముందే రెండొందల గజాలు పట్టీసుకుంటే?” అన్నారు. అది ఊహ బాబూ అంటే నవ్వారు. “ముందు అన్నీ ఊహే అంటారు. తర్వాత జీవో వస్తాది” అన్నారు. ఈ ఊళ్ళో అరవై ఏళ్ళుగా ఉంటున్నవాణ్ణి, దానికి బదులు చెప్పలేకపోయాను. మధ్యాహ్నానికి ఎవరో బ్రోకర్ మీ బొమ్మనే వాట్సాప్‌లో పంపించాడు. కింద ‘అకాడమీకి పది నిమిషాలు’ అని రాశాడు. కట్టని మేడకి పది నిమిషాలట!

ఊహించండి, వద్దనను. రెండు పేజీల నిండా ఊహించినవాళ్ళకి ఈ ఊళ్ళో నిజంగా జరిగిన పని ఒక్కటైనా తట్టకపోవడమే నాకు కడుపు మండించింది. నిద్రలో కనుగుడ్లు చకచకా కదిలే దశని 1953లో షికాగోలో అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ బయటపెట్టిన సంగతి రాశారు. అర్థంలేని అక్షరాల ముక్కలు బట్టీపట్టి తన మతిమరుపుని తానే లెక్కగట్టుకున్న ఎబ్బింగ్‌హాస్ గురించి, ఆయన 1885లో వేసిన పుస్తకం గురించి రాశారు. బాగుంది. మరి మెలకువ, కల, గాఢనిద్ర, వాటిని దాటిన నాలుగోది అని పన్నెండు మంత్రాల్లో విడమర్చిన మాండూక్యోపనిషత్తు ఏ పాపం చేసింది? సరే, అది పాతదని వదిలేశారనుకుందాం. డాబాగార్డెన్స్‌ని ఎందుకు వదిలేశారు?

మద్రాసు అబ్జర్వేటరీలో టేలర్ దొర దగ్గర ఖగోళశాస్త్రం నేర్చుకుని, 1840లో గోడే వెంకట జగ్గారావు గారు సొంత డబ్బుతో అబ్జర్వేటరీ పెట్టింది డాబాగార్డెన్స్‌లో, తన ఇంటి ఆవరణలోనే. ఆయన పోయాక అల్లుడు అంకితం వెంకట నరసింగరావు గారు నడిపారు. 1874 డిసెంబరు 9న శుక్రుడు సూర్యబింబం మీదుగా దాటుతుంటే ఆయన మన ఊరినుంచే చూసి నమోదు చేశారు. మేడకి అద్దాలు లేకపోయినా కాలాన్ని కొలిచిన మనుషులండీ వాళ్ళు.

నా తప్పు కూడా ఒప్పుకోవాలి. 2004 జూన్ 8న మళ్ళీ అదే శుక్ర సంక్రమణం వచ్చినప్పుడు, వేసవి సెలవులైనా పదిమంది పిల్లల్ని బడి మేడమీదికి రమ్మన్నాను. చిన్న టెలిస్కోపులోంచి సూర్యబింబం తెల్ల అట్ట మీద పడేలా పెట్టాం. దాని మీద నల్లటి చుక్క మెల్లగా జరుగుతోంది. ఒకడు వంగి చూసి “మాస్టారూ, పుట్టుమచ్చ!” అన్నాడు. నూట ముప్పై ఏళ్ళ కింద మన డాబాగార్డెన్స్‌లో ఒకాయన దీన్నే చూశాడ్రా అని వాడికి చెప్పలేదు. ఎలా చెప్తాను, నాకే తెలిస్తేగా? రిటైరయ్యాక లైబ్రరీలో చదివితే తెలిసింది. తర్వాత ఓ సాయంత్రమంతా డాబాగార్డెన్స్‌లో తిరిగాను. అది ఎక్కడుండేదో చూపించేవాళ్ళు ఒక్కరూ దొరకలేదు. సెల్‌ఫోన్ కవర్లమ్మే కుర్రాడు మాత్రం “అబ్జర్వేటరీయా, ఏ ఫ్లోరండీ?” అని మర్యాదగానే అడిగాడు.

ఇక మనసు సంగతి. 1967లోనే ఆంధ్రా యూనివర్సిటీలో సైకాలజీ, పారాసైకాలజీ (టెలిపతీలాంటి అతీంద్రియ శక్తుల మీద పరిశోధన) కలిపి ఒక డిపార్ట్‌మెంటు పెట్టారు. పెట్టించిన కోనేరు రామకృష్ణారావు గారు అమెరికాలో పారాసైకాలజీ పరిశోధకుడు జె.బి. రైన్ దగ్గర పనిచేసి వచ్చినవారు, తర్వాత వైస్‌ఛాన్సలర్ కూడా అయ్యారు. పారాసైకాలజీ మీద నాకు నమ్మకం లేదు, లెక్కల మాస్టార్ని. కానీ మీరు ఊహించిన అకాడమీ దారిలో సగం దూరం ఈ ఊరు ఎప్పుడో నడిచింది. ఆ పేరు ఒక్క వాక్యంలోనైనా రావద్దా? జ్ఞాపకం మీద రాసిన వ్యాసానికి ఈమాత్రం జ్ఞాపకం లేకపోతే ఎలా?

కాలం గురించి అంత రాశారు, ఒకసారి మా జంక్షన్‌కి దయచేయండి. స్తంభం మీద నాలుగు ముఖాల గడియారం ఉంది. ఒకటి నాలుగూ ఇరవై, ఒకటి పదకొండు, ఒకటి పన్నెండుంబావు చూపిస్తాయి. నాలుగో దానికి ముళ్ళే లేవు. మన దేశ ప్రామాణిక కాలం 82.5 డిగ్రీల రేఖాంశం లెక్కన నడుస్తుంది, ఆ గీత కాకినాడ వైపునుంచి పోతుంది. విశాఖ దానికి కాస్త తూర్పున ఉంది కాబట్టి సగటున మూడు నిమిషాల ముందే ఇక్కడ సూర్యుడు నడినెత్తికొస్తాడు. మూడు నిమిషాల తేడాకి లెక్క చెప్పగలను గానీ గంటలకి గంటల తేడాకి నా దగ్గర లెక్క లేదు. మూడు అర్జీలు పెట్టాను. మొదటిదాని రశీదు నా దగ్గరుంది, అర్జీ మాత్రం వాళ్ళ దగ్గర లేదట. రంగులేసి రిబ్బన్ కత్తిరించిన రోజు మాత్రం నాలుగు ముఖాలూ ఒకే టైము చూపించాయి.

పింఛను పని అన్నాను కదా. మా అమ్మకి ఎనభై నాలుగు. నాన్నగారి పింఛను ఆవిడకొస్తుంది. ఏడాదికోసారి తను బతికే ఉన్నానని రుజువు చేసుకోవాలి. అంట్లు తోమి తోమి అరిగిన వేళ్ళు, మిషన్ మీద ముద్ర పడదు. కుడి బొటనవేలు, ఎడమ బొటనవేలు, తడిగుడ్డతో తుడిచి మళ్ళీ కుడి. కౌంటర్లో అమ్మాయి “రేపు రండి మామ్మగారూ” అంది. ఎదురుగా కూర్చున్న మనిషి ఉందో లేదో మిషన్‌ని అడిగి చెప్పే రోజులొచ్చాయి. ఆ టెన్షన్‌తో నాలుగు రోజులు తిరిగాం.

అమ్మకి మతిమరుపు మొదలై మూడేళ్ళయింది. నా పేరు ఒక్కోసారి తట్టదు. నాన్నగారు షిప్‌యార్డులో చేసేవారు, అప్పుడు మల్కాపురంలో ఉండేవాళ్ళం. ఇప్పుడు సీతమ్మధారలో ఏ సైరనూ వినపడదు. అయినా తెల్లవారుజామున లేచి వంటింట్లోకెళ్ళి స్టీలు క్యారేజీ గిన్నెలు ఒకదాని మీద ఒకటి పేరుస్తుంది. అన్నం కింద, పప్పు మధ్యలో, మజ్జిగ పైన. అన్నీ ఖాళీవే. క్లిప్పు బిగించి “సైరన్ అయిందేటి?” అని అడుగుతుంది. ఇంకా లేదమ్మా అంటాను. మీ అకాడమీ నిజంగా ఉంటే నేను మొదట అడిగేది ఇదే: నా పేరు పోయిన చోట ఆ గిన్నెల వరస ఎలా నిలిచింది? మీ వ్యాసంలో అద్దాల మేడకి లిఫ్టులెన్నో ఉంది గానీ ఇలాంటి ప్రశ్న ఒక్కటీ లేదు.

చివరగా ఒక మనవి. ఋషికొండ దగ్గర ఏ అకాడమీ రావడం లేదని రెండు ముక్కలు వేయండి. ఈసారైనా మొదటి పేజీలో, కళ్ళకి కనపడే అక్షరాల్లో. పక్కింటాయన అడ్వాన్సు ఇవ్వడానికి సిద్ధమయ్యారు. శుక్రవారం దాకా ఆగమని బతిమాలి ఉంచాను.

ఇట్లు,
ఒక విశ్రాంత లెక్కల మాస్టారు,
సీతమ్మధార, విశాఖపట్నం.