ఆదాయం చెబుతున్నారు, వ్యయం ఎవరు చెబుతారు?

సంపాదకుడు గారికి,
నమస్కారం.

పోయిన వారం మీ జిల్లా పేజీలో జాబ్ మేళా వార్త చదివాను. ఎంతమంది పిల్లలు వచ్చారో, ఎంతమందికి ఆఫర్ లెటర్లు ఇచ్చారో, అన్నిటికన్నా పెద్ద ప్యాకేజీ ఎంతో రాశారు. సంతోషం. ఆ పిల్లలు ఏ ఊరు పోతున్నారో, అక్కడ గది అద్దె ఎంతో మాత్రం ఒక్క ముక్క లేదు. మీ తప్పని అనడం లేదు. మేళాలో కట్టే ఫ్లెక్సీ మీదా ఆ సంగతి ఉండదు, అడిగే తండ్రీ కనపడడు. ఉగాది నాడు పంచాంగం తెరిచి మన రాశికి ఆదాయమెంత, వ్యయమెంత అని రెండూ చూసుకునే వాళ్లమే పిల్లల ఉద్యోగం దగ్గరికొచ్చేసరికి ఆదాయం ఒక్కటే చూసి పెట్టె సర్దేస్తున్నాం.

నేను నెల్లూరు స్టోన్‌హౌస్‌పేటలో ఒక బియ్యం వ్యాపారి దగ్గర 27 ఏళ్లుగా లెక్కలు రాస్తున్నాను. జమ ఒక పక్క, ఖర్చు ఒక పక్క రాయడమే నా బతుకు. అలాంటి నేనే మా పెద్దవాడి విషయంలో బోల్తా పడ్డాను.

2023లో వాడికి రెండు ఉద్యోగాలు వచ్చాయి. ఒకటి కృష్ణపట్నం దారిలో ఒక ఫ్యాక్టరీలో. కటింగులు పోను చేతికి నెలకు 18,500. రెండోది బెంగళూరులో, ప్యాకేజీ 3 లక్షల 60 వేలు. పన్నెండుతో భాగిస్తే నెలకు 30 వేలు, ఇంక ఆలోచించేదేముంది అనుకున్నాం. కంపెనీ తన వంతుగా కట్టే పీఎఫ్, ఎప్పుడో వచ్చే గ్రాట్యుటీ కూడా ఆ 3 లక్షల 60 వేలలోనే కలిపేశారని మొదటి జీతం పడ్డాకగానీ తెలియలేదు. వాడి వాటా పీఎఫ్, నెలకు 200 వృత్తి పన్ను కూడా పోయాక చేతికొచ్చింది 25,500కు కాస్త అటూ ఇటుగా.

అంతకుముందే ఇల్లు తీసుకోవాల్సి వచ్చింది. ముగ్గురు పిల్లలు కలిసి 24 వేల అద్దెకు రెండు పడగ్గదుల ఇల్లు చూసుకున్నారు. ఓనరు ఆరు నెలల అద్దె అడ్వాన్సు అడిగాడు. నెల్లూరులో రెండు నెలలది ఇచ్చి ఇల్లు పుచ్చుకునే మాకు అది విని నోట మాట రాలేదు. పది నెలలు అడగలేదు, అదృష్టవంతులమని వాడి సీనియర్ ఒకడు ఓదార్చాడట. అడ్వాన్సులో మావాడి వాటా 48 వేలు, బ్రోకరుకు 8 వేలు, పరుపు, బకెట్టు, గ్యాస్ పొయ్యి లాంటి వాటికి ఇంకో 6 వేలు. మొదటి జీతం రాకముందే 62 వేలు. ఆ డబ్బు కోసం నేను చీటీ నష్టానికి పాడాను. ఆ నష్టం కూడా బెంగళూరు ఖర్చే కదా, దాన్ని ఎవరి ప్యాకేజీలో రాయాలి?

ఇల్లు తీసుకున్నాక ఇంకో చిక్కు. ఇంటర్వ్యూలో బెంగళూరు అన్నారుగానీ బెంగళూరులో ఎక్కడ అన్నది చెప్పలేదు. చేరే ముందు రోజు మెయిల్ వచ్చింది. ఆఫీసు నగరానికి ఈ చివర, ఇల్లు ఆ చివర. బస్సు, మెట్రో, దిగాక ఆటో, అన్నీ కలిపి నెలకు 3 వేలు. (తర్వాత 2025 ఫిబ్రవరిలో అక్కడ మెట్రో గరిష్ఠ టికెట్ 60 నుంచి 90 రూపాయలైంది.) రోజూ రానూపోనూ మూడు గంటలు దారిలోనే. దానికి నా దగ్గర పద్దు లేదు.

ఆరు నెలలయ్యాక సంక్రాంతికి వచ్చినప్పుడు వాణ్ని కూర్చోబెట్టి ఖాతా పుస్తకంలో గీతలు కొట్టి రాయించాను. అద్దె 8,000. మెయింటెనెన్స్ 1,000. వంటమనిషికి 2,000, సరుకులు 3,500. కరెంటు, నెట్ 700. రాకపోకలు 3,000. ఫోన్ 350. బయటి తిండి 2,000 (ఇది తక్కువ చేసి చెప్పాడని నా అనుమానం). నెల్లూరు వచ్చి పోయే బస్సులకు సగటున 1,800. మొత్తం 22,350. మిగిలేది 3,150.

పక్క పేజీలో కృష్ణపట్నం ఉద్యోగం రాశాం. కంపెనీ బస్సు ఉంది. ఇంట్లో తిండికని నాకు 5,000 ఇస్తాడనుకున్నాం. బండి పెట్రోలు 1,500, ఫోన్ 350, పై ఖర్చులు 2,000. 18,500లో 9,650 మిగిలేది. అంటే బెంగళూరులో జీతం 7,000 ఎక్కువ, మిగులు 6,500 తక్కువ. వాడు ఆ రెండు పేజీలూ ఫోన్‌లో ఫొటో తీసుకుని ఏమీ మాట్లాడకుండా లోపలికి పోయాడు.

నిజానికి బెంగళూరు పేజీలో ఒక పద్దు రాయనేలేదు. వెళ్లిన ప్రతిసారీ వాళ్లమ్మ ఒక బియ్యం బస్తా, గోంగూర పచ్చడి, చేపల పులుసు కట్టి పంపుతుంది. బస్తా అంటే 26 కిలోలు. 25 కిలోల దాకా ప్యాకింగ్ బియ్యం మీద 2022 జులైలో 5 శాతం జీఎస్టీ వేశాక మా వ్యాపారంలో 26 కిలోల సంచీ పుట్టింది. ఆ బియ్యం మా ఇంటి ఖాతాలో పడుతుంది. మహానగరాల్లో ఉద్యోగాలు చేసే మన పిల్లల్లో చాలామందిని ఇంకా ఇక్కడి వంటిళ్లే పోషిస్తున్నాయి.

ఊరికీ ఊరికీ ఖర్చు పోల్చి చెప్పే వెబ్‌సైట్లు ఉన్నాయి కదా అంటారు. మా చిన్నమ్మాయికి చెన్నైలో ఉద్యోగం వచ్చినప్పుడు ఈసారి మోసపోకూడదని వాటినీ చూశాను. అందులో పేరున్న ఒకదాంట్లో న్యూయార్క్‌ను 100 అనుకుని మిగతా ఊళ్లకు మార్కులు వేస్తారు. న్యూయార్క్ వందయితే నెల్లూరెంత అని తెలుసుకుని కోవూరు పిల్ల ఏం చేసుకుంటుంది? పైగా ఆ ధరలు ఎవరికి తోచింది వాళ్లు నింపేవి.

మా కొట్టు దగ్గర ఇంకొకాయన ప్రభుత్వ సూచీ పట్టుకుని వాదించాడు. సిమ్లాలోని లేబర్ బ్యూరో దేశంలో 88 కేంద్రాలకు నెలనెలా కార్మికుల వినియోగ ధరల సూచీ ఇస్తుంది, మన రాష్ట్రం నుంచి గుంటూరు, విశాఖతో పాటు నెల్లూరు కూడా అందులో ఉంది. నెల్లూరు అంకె చెన్నైకన్నా ఎక్కువుంటే నెల్లూరే ఖరీదైన ఊరని ఆయన వాదన. అది పొరపాటు. ప్రతి ఊరికీ 2016లో ఉన్న ధరలనే 100 అనుకుని అక్కణ్నుంచి లెక్క కడతారు. గోడకు నిలబెట్టి పిల్లల ఎత్తు గీతలు గీస్తామే, ఆ సూచీ ఎవరెంత పెరిగారో చెబుతుందిగానీ ఇద్దరిలో ఎవరు పొడుగో చెప్పదు.

ఊరినిబట్టి ఖర్చు మారుతుందని ప్రభుత్వానికి తెలియక కాదు. కేంద్ర ఉద్యోగుల ఇంటద్దె భత్యానికి ఊళ్లను ఎక్స్, వై, జెడ్ అని మూడు తరగతులు చేశారు. చెన్నై, బెంగళూరు, హైదరాబాద్ మొదటి దాంట్లో, నెల్లూరు రెండో దాంట్లో, ఒంగోలు మూడో దాంట్లో. డీఏ (కరువు భత్యం) 50 శాతానికి చేరాక, 2024 జనవరి నుంచి మూల వేతనం మీద వరసగా 30, 20, 10 శాతం ఇస్తున్నారు. ఒంగోలు నుంచి చెన్నైకి బదిలీ అయిన పోస్టాఫీసు ఉద్యోగికి భత్యం మూడింతలవుతుంది. మన ఇంజినీరింగ్ పిల్లలకు మాత్రం ఏ ఊళ్లో వేసినా చాలాచోట్ల అదే ప్యాకేజీ.

చిన్నమ్మాయి విషయంలో మేం చేసింది చాలా చిన్న పని. ముందు కంపెనీకి మెయిల్ పెట్టి ఆఫీసు ఏ ఏరియానో, చేతికి నెలకు ఎంత పడుతుందో కాగితం మీద రాయించుకున్నాం. తర్వాత అదే ఏరియాలో ఏడాదిగా ఉంటున్న ఇద్దరు అమ్మాయిలను పట్టుకుని హాస్టల్ ఫీజు, కరెంటు యూనిట్‌కు ఎంత తీసుకుంటున్నారు, ఖాళీ చేసేటప్పుడు అడ్వాన్సులో ఎంత కోస్తున్నారు అని అడిగాం. తమిళనాడులో రెండు నెలలకు 100 యూనిట్లు ఉచితమని విని సంబరపడ్డాం. సబ్ మీటరు పెట్టి ఓనరు యూనిట్‌కు తన రేటు తను వేస్తే ఆ ఉచితం అద్దెకున్నవాళ్ల దాకా రాదని వాళ్లు చెబితేనే తెలిసింది. ఆడపిల్లలకు బస్సు లెక్క కూడా అంతే. మన రాష్ట్రంలో ఆడవాళ్లకు ఉచిత బస్సు పథకం స్త్రీశక్తి 2025 ఆగస్టు 15న మొదలైంది, ఇక్కడ ఆధార్ చూపిస్తే చాలు. అదే ఆధార్‌తో హైదరాబాద్‌లోగానీ బెంగళూరులోగానీ టికెట్ లేకుండా ఎక్కలేదు, అక్కడి చిరునామా ఉండాలి. చెన్నైలో మామూలు సిటీ బస్సుల్లో ఆడవాళ్లకు టికెట్ లేదు.

ఒకటి మాత్రం లెక్కలో పడలేదు. నీళ్లు. మన కండలేరు నుంచి తెలుగుగంగ నీళ్లు 1996 నుంచి చెన్నైకి పోతున్నాయి. మా అమ్మాయి అక్కడ తాగేది క్యాన్ నీళ్లు, క్యాను 40 రూపాయలు.

ఎవరూ ఊరు దాటొద్దని నా ఉద్దేశం కాదు. నెల్లూరూ ఏం చవక కాదు, మాగుంట లేఅవుట్‌లో ఇల్లు అద్దెకు అడిగి చూడండి. మా పెద్దవాడికి రెండేళ్లు తిరిగేసరికి జీతం బాగానే పెరిగింది, కృష్ణపట్నంలో అంత పెరిగేది కాదేమో. వెళ్లాలనుకున్నవాళ్లు వెళ్లాల్సిందే. చీటీ ముందే పాడుకోవాలా, పీజీ హాస్టల్లో మూడు నెలలు ఉండి తర్వాత ఇల్లు చూసుకోవాలా అన్నది తెలిసి వెళ్లాలంటున్నాను.

జాబ్ మేళాలు పెట్టే అధికారులకు, ప్లేస్‌మెంట్లు జరిపే కాలేజీలకు నా మనవి ఒక్కటే. ప్యాకేజీ పక్కన చేతికొచ్చే జీతం, పని చేసే ఏరియా పేరు రాయకపోతే ఆ కంపెనీని టేబుల్ దగ్గర కూర్చోనివ్వకండి. 2025 నవంబరులో అమల్లోకి వచ్చిన లేబర్ కోడ్‌లు అపాయింట్‌మెంట్ లెటర్ తప్పనిసరి అంటున్నాయి, ఆ రెండు ముక్కలూ చేరడానికి ముందే చెబితే వాళ్లకు పోయేదేమీ లేదు. పోయిన ఏడాది వెళ్లిన పిల్లల ఫోన్ నంబర్లు కాలేజీల దగ్గర ఉంటాయి. అద్దె, అడ్వాన్సు, దారి ఖర్చు వాళ్లనడిగి నోటీసు బోర్డులో పెట్టడం ఒక పూట పని.

ఇక మీ పత్రిక. బంగారం ధర, కోడిగుడ్డు ధర రోజూ వేస్తారు. గూడూరు నిమ్మకాయల రేటు, రొయ్యల కౌంట్ రేటు వేస్తారు. నెల్లూరు, ప్రకాశం పిల్లలు ఎక్కువగా పోయే నాలుగైదు ఊళ్లలో పీజీ, గది అద్దె, అడ్వాన్సు ఎన్ని నెలలదో నెలకొకసారి ఆ పక్కనే ఒక చిన్న పెట్టెలో వేయండి. మొదటి నెలకు కావాలంటే మా ఖాతా పుస్తకంలో పేజీలు పంపిస్తాను.

నిన్న మా వీధిలో ఒకాయన కూతురి ఆఫర్ లెటర్ పట్టుకుని వచ్చాడు. వచ్చే నెల ఒకటో తేదీన హైదరాబాద్‌లో చేరాలి. లెటర్ నాలుగు పేజీలుంది, ప్యాకేజీ అంకెల్లోనూ అక్షరాల్లోనూ ఉంది. ఆఫీసు ఏ ఏరియాలోనో లేదు. మెయిల్ పెట్టి అడగమన్నాను. ఈ ఉత్తరం రాసే సమయానికి ఇంకా జవాబు రాలేదు.

ఇట్లు,
ఒక పాఠకుడు,
స్టోన్‌హౌస్‌పేట, నెల్లూరు