టీవీ పట్టికలో సహాయ నటుల పేర్లు

సంపాదకులకు నమస్కారం.

రోజువారీ టీవీ కార్యక్రమాల పట్టికలో సినిమా పేరు పక్కన నాయకుడు, నాయిక, దర్శకుడి పేర్లతో సరిపెట్టడం మన పత్రికలన్నిటికీ అలవాటైపోయింది. అక్కడ సహాయ నటుల పేర్లు ఒకటి రెండైనా చేర్చవలసిందిగా కోరుతూ ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఇందుకు నన్ను పురిగొల్పింది గుండు హనుమంతరావు గారి ఉదంతం. మా విజయవాడ నాటకాల నుంచి వెళ్లిన ఆయన, 1987లో జంధ్యాల గారి ‘అహ నా పెళ్ళంట’తో సినిమాల్లో అడుగుపెట్టి, ఆ తరువాత వందల చిత్రాల్లో, చాలావాటిలో ఒకటి రెండు సన్నివేశాలకే పరిమితమైన వేషాలు వేశారు. ఇంటింటికీ ఆయనను చేర్చింది మాత్రం 2001 నుంచి 2007 వరకు జెమినీ టీవీలో వచ్చిన హాస్య ధారావాహిక ‘అమృతం’. అందులో అమృతరావు పాత్రను మొదట శివాజీరాజా, తరువాత నరేష్, ఆపైన హర్షవర్ధన్ ధరించారు. ముగ్గురూ సమర్థులే. అయినా కథానాయకుడి ముఖం మారిన ప్రతిసారీ ప్రేక్షకులు పెద్దగా నొచ్చుకోకుండా సర్దుకుపోయారంటే, పక్కన హనుమంతరావు గారు వేసిన అంజి మారకపోవడమే అందుకు ప్రధాన కారణమని నా అభిప్రాయం. హాస్యంలో చమత్కారం విసిరేవాడికి ఎంత నేర్పు కావాలో, దాన్ని విని అయోమయంగా చూస్తూ, సరైన క్షణం దాకా నోరు మెదపకుండా ఉండేవాడికీ అంతే నేర్పు కావాలి. ఆ రెండో పనిని ఆయన ఏళ్ల తరబడి, ఎక్కడా అతి చేయకుండా, ఎదుటివారి మాట మింగేయకుండా నిర్వహించారు.

మా మనవడు ఆ భాగాలను యూట్యూబులో చూసి అంజిని అచ్చంగా అనుకరిస్తాడు. ఆ నటుడి పేరేమిటని అడిగితే తెల్లమొహం వేశాడు. వాడిని తప్పుపట్టలేను. ఒకప్పుడు కథ మొదలుకాకముందే తెర మీద పడే పేర్లలో చాలా భాగం ఇప్పుడు చివరికి జరిగాయి; ఆ చివరి పేర్లు కూడా టీవీలో తరచూ ప్రకటనల కింద కొట్టుకుపోతున్నాయి. జాతీయ పురస్కారాల్లో ఉత్తమ సహాయ నటుడికి ప్రత్యేక స్థానం ఉంది. ‘యజ్ఞం’ చిత్రానికి పి.ఎల్. నారాయణ గారు దాన్ని అందుకున్నారు. అలాంటి నటుడి పేరుకు మన పట్టికల్లో చోటు లేకపోవడం వింతగా లేదూ?

హనుమంతరావు గారు 2018 ఫిబ్రవరి 19న కన్నుమూశారు. ఆ వారమంతా ఆయన ఫొటోలు, జ్ఞాపకాలు పత్రికల్లో వచ్చాయి, సంతోషమే. నేను కోరుతున్నది మాత్రం బతికున్నవారికి, పని చేస్తున్న రోజుల్లోనే, ఆదివారం పట్టికలో అర పంక్తి. స్థలం చాలదంటే ఆ రోజు రాశిఫలాలను కాస్త కుదించినా పాఠకులు నొచ్చుకోరనుకుంటాను.

ఇట్లు,
ఒక పాఠకుడు,
విజయవాడ