అమ్మణ్ణికి, ఆ ఫ్లెక్సీ సంగతి

అమ్మణ్ణీ,

ఫ్యామిలీ గ్రూపులో నువ్వు "నాన్నా ఇది ఫేకు" అని పెట్టినకాడ్నుంచి నేను ఆ గ్రూపు తెరవడమే మానేసినానని మీయమ్మ నీకు చెప్పే ఉంటుంది, ఆమె దగ్గర ఏం దాగుతుందిలే. కోపం కాదు, కొంచెం సిగ్గు. మీ మామలిద్దరూ దానికి నవ్వే బొమ్మలు పెట్టినారు కదా, ముప్పై ఏండ్లు సోషల్ చెప్పినోడికి అది గుచ్చుకోదా చెప్పు. అందుకే ఫోన్లో మాట్లాడకుండా ఇట్లా పొడుగ్గా టైపు చేస్తున్నా, మెల్లగా టీ తాగుతా చదువుకో, తప్పులు దిద్దే పని పెట్టుకోవద్దు.

ముందు నీ మాట ఒప్పుకుంటా. "నేను భారతదేశం నలుమూలలా తిరిగినాను, ఒక్క బిచ్చగాడు, ఒక్క దొంగ కనపడలేదు, ఈ దేశం వెన్నెముక దాని సంస్కృతి, దాన్ని విరిస్తే గానీ మనం గెలవలేం" అని మనకు ఇంగ్లీషు చదువులు తెచ్చిన మెకాలే దొర 1835 ఫిబ్రవరి 2న లండన్ పార్లమెంట్‌లో అన్నాడనేది కదా మ్యాటర్. అది నేను పదిమందికి ఫార్వర్డ్ చేయడమే కాదు, ఆరేండ్ల కింద ఆగస్టు 15కి సొంత డబ్బుతో ఫ్లెక్సీ కొట్టించి మా బడి వరండాలో కట్టించినా, జెండా ఎగరేసినాక మైకులో చదివి వినిపించినా, పిల్లోళ్లు చప్పట్లు కూడా కొట్టినారు. ఆ రోజు మెకాలే కలకత్తాలో ఉన్నాడని నువ్వు పెట్టిన ఒక్క లైనుతో నా ఫ్లెక్సీ చినిగిపోయింది. లండన్ యాడ, కలకత్తా యాడ. పైగా డేటు ఫిబ్రవరి 2 కరెక్టే, అది ఆయన చదువుల మీద రాసిన మినిట్, అంటే సర్కారుకు రాసిచ్చిన నోటు, దాని డేటు. ఎవడో ఆ డేటు తీసుకొని దానికింద సొంత కవిత్వం అతికించినాడు.

మూడు వారాలు ఖాళీగా కూచోలేక నేనూ తవ్వినా. మెకాలే 1834 జూన్‌లో మద్రాసులో దిగినాడు, అప్పుడు గవర్నర్ జనరల్ బెంటింక్ ఊటీలో చల్లగాలికి ఉన్నాడంటే ఆడికి పల్లకీలో పోయినాడు, నాలుగొందల మైళ్లు మనుషుల భుజాల మీదనే వచ్చినానని ఆయనే ఇంటికి ఉత్తరం రాసుకున్నాడు. ఆ తర్వాత కలకత్తా. ఆ మినిట్ రాసేనాటికి మన దేశంలో ఆయనకు నిండా ఎనిమిది నెలలు కూడా కాలేదు, ఇంక నలుమూలలు ఎక్కడ తిరిగినాడు, బోయీలు ఎటు మోస్తే అటు చూసినాడు అంతే.

కానీ అమ్మణ్ణీ, అసలు మినిట్ చదివినావా నువ్వు? ఫేకు అని లింకు పెట్టి పక్కకు పోయినావు గానీ అసలుది చదివితే ఫేకు దానికన్నా ఎక్కువ మండుతుంది. నాకు సంస్కృతం రాదు, అరబీ రాదు అని ఆయనే ఒప్పుకొని, ఆ వెంటనే మంచి యూరప్ లైబ్రరీలో ఒక్క బీరువా అరలోని పుస్తకాలు మొత్తం ఇండియా, అరేబియా సాహిత్యానికి సమానం అంటాడు. రక్తంలో, రంగులో ఇండియన్లు, రుచిలో, అభిప్రాయాల్లో, నీతిలో, బుద్ధిలో ఇంగ్లీషోళ్లు అయ్యే ఒక వర్గాన్ని తయారు చేయాలంటాడు. మన చరిత్రంతా ముప్పై అడుగుల రాజులూ, ముప్పై వేల ఏండ్ల పాలనలూ అని ఎక్కిరిస్తాడు, మన భూగోళం బెల్లం పాకం సముద్రాలు, వెన్న సముద్రాలు అని నవ్వుతాడు. అది చదవగానే నాకు మా నాయన గుర్తొచ్చినాడు. సాయంత్రం అరుగు మీద కూచోబెట్టి లవణ, ఇక్షు, సురా, సర్పి, దధి, క్షీర, జల అని సప్తసముద్రాలు వల్లె వేయించేవాడు, ఇక్షు అంటే చెరకు, సర్పి అంటే నెయ్యి అని వేళ్లు మడిచి చెప్పేవాడు. ఆ వేళ్లనే కదా ఆ దొర ఎగతాళి చేసింది అనిపించింది. సరే, భూగోళం పరీక్షలో నెయ్యి సముద్రం అని రాస్తే నేనూ సున్నానే వేస్తా, అది వేరే సంగతి.

ఆ ఫేకు కొటేషన్ మీద నాకు వచ్చిన ఇంకో కోపం చెప్తా. అందులో మెకాలే మనల్ని తెగ పొగుడుతాడు చూడు. మనం గొప్పోళ్లమని నిరూపించుకోడానికి మనకు ఆ దొర నోరే కావాల్సొచ్చింది, ఆ నోట్లోంచి ఆ మాట రాకపోతే మనమే రాసి ఆ నోట్లో పెట్టినాం. స్వాభిమానం గురించి అరిచే మా బ్యాచ్ చేయాల్సిన పనేనా ఇది. నిజంగా పార్లమెంట్‌లో ఆయన ఇండియా గురించి మాట్లాడింది 1833 జూలైలో, అందులో ఒకనాటికి ఇండియా వాళ్లు యూరప్ మాదిరి సంస్థలు మాకూ కావాలని అడిగితే అది ఇంగ్లీషు చరిత్రలోనే గర్వపడే రోజు అన్నాడు. బానిసత్వం, మూఢనమ్మకాల అడుగున పడి ఉన్న జనం అని మనల్ని తిట్టిందీ ఆ ప్రసంగంలోనే. తిట్టూ ఉంది, ఆశా ఉంది. మన ఫ్లెక్సీలో ఆ రెండూ లేవు.

ఇంక నీ వాటా. గ్రూపులో నువ్వు దాంతో ఆపలేదు, "బ్రిటిషోళ్లు రాకముందు ఇక్కడ బడులే లేవు, మెకాలే లేకపోతే నీకు ఉద్యోగమే లేదు నాన్నా" అన్నావు. ఇది కూడా ఫార్వర్డే, కాకపోతే మీ సైడు నుంచి వచ్చే ఫార్వర్డు. దీనికి జవాబు మన ఊరి దగ్గరే ఉంది, ఇన్నేండ్లు గుత్తిలో ఉండి నాకే తెలీలేదు.

మన్రో తెలుసు కదా. మంత్రాలయంలో రాఘవేంద్రస్వామి ఆయనతో మాట్లాడినాడని, గండిలో పాపాగ్ని మీద బంగారు తోరణం ఆయనకు కనపడిందని, అది కనపడినోళ్లు ఎక్కువ రోజులు బతకరని మీ అవ్వ చెప్పేది. ఆ కథలు ఎంత నిజమో నేను తేల్చను, అవ్వ చెప్పినప్పుడు నువ్వు నోరు తెరుచుకొని విన్నావు, అది మాత్రం నిజం. 1800 నుంచి 1807 దాకా ఆయన మన దత్తమండలాల కలెక్టరు, 1827 జూలైలో పత్తికొండలో కలరాతో పోయినాడు, తెచ్చి ముందు పూడ్చింది మన గుత్తి కోట కిందనే. ఈయన మద్రాసు గవర్నరుగా ఉన్నప్పుడు 1822లో ప్రతి కలెక్టరునూ మీ జిల్లాలో బడులెన్ని, చదివే పిల్లలెంతమంది, ఏం చదువుతున్నారు లెక్క పంపండి అని అడిగినాడు. మెకాలే ఇండియాలో కాలు పెట్టడానికి 12 ఏండ్ల ముందు. ఈ కాగితాలన్నీ ధరంపాల్ అని ఒక గాంధేయవాది పాత సర్కారు కాగితాల ఆర్కైవ్స్‌లో వెతికి 1983లో అచ్చేయించినాడు. మా సైడు వాళ్లు ఆయన పేరు చెప్తారు గానీ ఆయన పుస్తకం తెరవరు, మీ సైడు వాళ్లు ఆయన పేరు వింటేనే మొహం తిప్పుకుంటారు.

అందులో బళ్లారి కలెక్టరు క్యాంప్‌బెల్ 1823 ఆగస్టులో పంపిన రిపోర్టు ఉంది. అప్పటి బళ్లారి జిల్లా అంటే మన అనంతపురం కూడా అందులోదే, మనం విడిపోయింది 1882లో. క్యాంప్‌బెల్ అంటే అల్లాటప్పా మనిషి కాదు, 1816లో తెలుగు వ్యాకరణం అచ్చేసినాడు. ఆ రిపోర్టును జిరాక్స్ షాపులో ప్రింటు తీయించుకొని డిక్షనరీ పక్కన పెట్టుకొని చదివినా. జిల్లా జనాభా 9,27,857, బడులు 533, చదివే పిల్లలు 6,641. తెలుగు బడులు 226, కన్నడ బడులు 235, మరాఠీ 23, పారసీ 21, బ్రాహ్మలకు శాస్త్రం, వేదం చెప్పేవి 23, అరవం 4, ఇంగ్లీషు ఒకటంటే ఒకటి.

ఆ బళ్లు ఎట్లుండేవో చదువుతుంటే నాకు టైమే తెలీలేదు. అయిదేండ్లు రాగానే అయ్యవారూ, బళ్లో పిల్లలూ ఇంటికొస్తారు, వినాయకుడి బొమ్మ చుట్టూ కూచుంటారు, అయ్యవారు పిల్లోడి వేలు పట్టుకొని బియ్యంలో దేవుడి పేరు రాయిస్తాడు. నీకు మేం చేయించినట్టే, నువ్వు ఆ బియ్యం కాలితో తన్నినావు అది వేరే మాట. పొద్దున్నే ఆరుకు బడి. అందరికన్నా ముందొచ్చినోడి అరచేతిలో సరస్వతి అని రాస్తారు, రెండోవాడి చేతిలో సున్నా, అంటే మెచ్చుకోలూ లేదు తిట్టూ లేదు అని, మూడోవాడికి ఒక దెబ్బ మెల్లగా, నాలుగోవాడికి రెండు, అట్లా ఎంత వెనకొస్తే అన్ని. సోమరోడిని రెండు చేతులూ కట్టి ఇంటి దూలానికి వేలాడదీస్తారంట, అదే మా తాతలు చెప్పే కోదండం, ఇంకా గుంజీళ్లు. దొర ఇంగ్లీషులో తంటాలు పడి అరపేరా రాసినాడు, మనకు ఒక్క మాట చాలు. పెద్ద పిల్లలు చిన్న పిల్లలకు చెప్పే పద్ధతిని మాత్రం తెగ మెచ్చుకున్నాడు, ఇంగ్లండు కూడా దీన్ని అనుసరించడం న్యాయమే అన్నాడు. ఇదిగో, ఇది నిజం పొగడ్త, సంతకం, తేదీ ఉన్న పొగడ్త. ఇది ఉండగా ఆ దొంగ కొటేషన్ వెనకాల పడినాం చూడు.

అసలు మాట దీని తర్వాత ఉంది. చానా ఊర్లలో ముందు బడులుండేవి, ఇప్పుడు లేవు అంటాడు. ఎందుకు అంటే దేశం మెల్లమెల్లగా బీదదైపోతా ఉంది, మా ఇంగ్లండు గుడ్డలొచ్చి ఈడ నేతపనోళ్ల సంపాదన పడిపోయింది, ముందు దొరతనాలు డబ్బును ఇక్కడే ఖర్చు పెట్టేవి, ఇప్పుడది రోజూ దేశం దాటిపోతా ఉంది, పిల్లోడికి నాలుగు అక్షరాలు చెప్పించే స్థోమత మధ్యతరగతికీ కిందివాళ్లకీ లేదు, లేతచేతులు పనికొస్తాయనగానే పనిలో పెడుతున్నారు అని. చూసినావా, మన బడులు ఎండిపోవడం 1823కే మొదలైంది, మెకాలే ప్రసంగం వల్ల కాదు, గుడ్డ వల్ల, శిస్తు వల్ల. 1931లో గాంధీ లండన్‌లో యాభై నూరేండ్ల కిందటికన్నా ఇండియాలో ఇప్పుడే నిరక్షరాస్యత ఎక్కువ అంటే హార్టోగ్ అనే దొర ఆధారం చూపించు అని ఏండ్ల తరబడి వెంటపడినాడు. ఈ లెక్కలు ఆనాడు గాంధీ చేతిలో ఉండింటే బాగుండు.

ఇంక నా మాట విని ఎగరొద్దు, ఇదే కాగితంలో నాకు మింగుడు పడనివీ ఉన్నాయి, దాచిపెడితే నేనూ ఆ ఫ్లెక్సీ కొట్టించినోడినే అవుతా. పద్యాలు ఎన్నెన్నో అప్పజెప్తారు, అర్థం మాత్రం చిలక్కి తెలిసినంతే తెలుసు అని రాసినాడు, అది ముప్పై ఏండ్లు పిల్లల చేత ఆన్సర్లు బట్టీ పట్టించిన నాకూ తగిలింది. మిగతా కలెక్టర్ల లెక్కలు చూస్తే తమిళ జిల్లాల్లో బడి పిల్లల్లో శూద్రులూ అంతకన్నా కిందివాళ్లూ అనబడేవాళ్లే ఎక్కువ, దీన్ని మావాళ్లు గట్టిగా చెప్తారు, మన తెలుగు జిల్లాలకొచ్చేసరికి బ్రాహ్మణ పిల్లల వాటా బాగా పెరుగుతుంది, దీన్ని మావాళ్లు చెప్పరు. ఇంక ఆ 6,641 మందిలో ఆడపిల్లలెంతమందో తెలుసా, 60. అరవై మంది అమ్మణ్ణీ, దాదాపు పదిలక్షల జనంలో. ధవళేశ్వరంలో వీరేశలింగం ఆడపిల్లల బడి పెట్టడానికి ఇంకా 50 ఏండ్లున్నాయి. నేను ఈ అంకె దగ్గర ప్రింటు పక్కన పెట్టేసి లేచి బయటికి పోయినా. పెన్షన్ కాగితాల్లో మీ అవ్వ వేలిముద్ర వేసేటప్పుడు బొటనవేలు చీర కొంగుకు రెండుసార్లు తుడుచుకునేది, ఇంకు అంటుతుందని ముందే, అది గుర్తొచ్చింది. 2010లో యూపీలో లఖీంపూర్ ఖేరీ వైపు దళితులు ఇంగ్లీషు దేవతకు గుడి కడతాం అన్నప్పుడు, మెకాలే పుట్టినరోజుకు కేకు కోసినప్పుడు నేను స్టాఫ్ రూంలో ఎంత వెటకారం చేసినానో నాకు తెలుసు. ఇప్పుడూ మెకాలే నాకు నచ్చడు. కానీ వాళ్లకు ఆయన ఎందుకు నచ్చినాడో ఈ 60 చూసినాక అడగాల్సిన పని లేదు.

మొన్న శుక్రవారం బడికి పోయినా. ఇప్పుడున్న హెడ్‌మాస్టరు నా స్టూడెంటే, "సార్ ఎండకు రంగు పోయింది గానీ మాటలు బాగుండాయి, ఉండనీండి" అన్నాడు. వద్దులేప్పా అని నేనే స్టూలెక్కి తాళ్లు కోసినా, మీయమ్మకు చెప్పొద్దు, మోకాలు సంగతి తెలుసు కదా. ఫ్లెక్సీ పోయినకాడ గోడ తెల్లగా చదరంగా కనపడతా ఉంది, చూడ్డానికి బాగలేదు. అందుకని పెయింటరును పిలిపించి దాని మీద రాయించినా: "మన జిల్లా, 1823. బడులు 533. పిల్లలు 6,641. ఆడపిల్లలు 60." కింద క్యాంప్‌బెల్ పేరు, తేదీ. వేరే ఏమీ రాయించలేదు. ఎనిమిదో క్లాసు పాప ఒకతె చానాసేపు చూసి, "సార్, ఆ అరవై మందిలో మనూరోళ్లు ఉన్నారా?" అంది. పేర్లు రాయలేదు పాపా అన్నా. "అబ్బాయిల పేర్లు రాసినారా?" అంది. లేదన్నా. అట్లయితే సరే అన్నట్టు తలూపి పోయింది.

ఫోటో గ్రూపులో పెడతా, మీ మామలకు నువ్వే చెప్పు. ఆ ధరంపాల్ పుస్తకం బెంగళూరులో దొరికితే ఒకటి కొని పెట్టు, జిరాక్సులో అక్షరాలు మసకగా ఉన్నాయి. గోంగూర పచ్చడి సీసా మీ పక్కింటి అబ్బాయితో పంపిస్తున్నా, ఆదివారం రాత్రి బస్సు, సోమవారం పొద్దున మెజెస్టిక్‌లో దిగుతాడు, నువ్వు పడుకొని ఫోన్ ఎత్తకుండా ఉండొద్దు.

నాన్న