బోదకాలుకు సొంత కోడు ఏది?

సంపాదకుడు గారికి,

హైదరాబాద్‌లో మెడికల్ కోడర్‌గా పనిచేస్తున్నాను. అమెరికా ఆసుపత్రుల చార్టులు చదివి, ప్రతి జబ్బుకూ దెబ్బకూ బీమా కంపెనీకి అర్థమయ్యే కోడు వేయడం నా ఉద్యోగం. అక్కడి మనిషికి ఎప్పుడో కుడి మోకాలి కింద పురుగు కుట్టి, పుండు మానినా మచ్చ గట్టిపడి మిగిలిందనుకోండి. ముందు మచ్చకు ఎల్90.5 వేస్తాం. తర్వాత ఎస్80.861ఎస్. అందులో 1 ఉంటే కుడికాలు, 2 ఉంటే ఎడమకాలు. చివరి ‘ఎస్’ అంటే దెబ్బ పాతదే, ఇప్పుడున్నది దాని తాలూకు మిగులు అని. ఆ పైన, విషం లేని పురుగు కుట్టిందని చెప్పే డబ్ల్యూ57. అందులో ఖాళీలను మూడు ‘ఎక్స్’లతో నింపి మరీ ఏడో స్థానంలో మళ్లీ ‘ఎస్’ పెట్టాలి. పురుగు కుట్టి ఎన్నేళ్లయినా ఫర్వాలేదు, ఈ మిగులు కోడుకు గడువు లేదని నిబంధనల్లోనే ఉంది. ఆ ఒక్క అక్షరం మరిచిపోతే క్లెయిమ్ తిరిగొస్తుంది, మాకు చీవాట్లు పడతాయి.

సంక్రాంతికి గోదావరి జిల్లాలోని మా ఊరెళ్లాను. మా నానమ్మది ముప్పై ఏళ్ల నాటి బోదకాలు. ఆవిడ ఆసుపత్రి చీటీలన్నీ ఒక ప్లాస్టిక్ సంచిలో దాచుకుంటుంది. వృత్తి అలవాటు కొద్దీ కూర్చుని అన్నీ చదివాను. ఒక చీటీలో ‘కాళ్ల వాపు’. ఇంకోదాంట్లో ‘జ్వరం’. కాలు ఎర్రబడి, సలిపి, చలిజ్వరం వచ్చినప్పుడల్లా వెళ్లి రాయించుకున్న చీటీలవి. బోదకాలు అన్న మాట ఒక్కదాంట్లోనూ లేదు.

రాసినవాళ్లను తప్పుపట్టలేను. కోడు పుస్తకంలోనే చిక్కుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల పదో వర్గీకరణలో, బోదకాలు తెచ్చే ఫైలేరియాకు బి74.0 అని ఒక కోడుంది. రక్తంలో ఈ జబ్బు పురుగు పిల్లలు తిరుగుతూ బయటికి ఏ వాపూ లేని కుర్రాడికీ అదే, పురుగులు ఎప్పుడో చచ్చి కాలు మాత్రం మొద్దులా మిగిలిన ముసలమ్మకూ అదే. మొదటివాడి నుంచి క్యూలెక్స్ దోమ జబ్బును మోసుకుపోగలదు. రెండో మనిషికి కావలసింది కాలికి సంరక్షణ. రాత్రిపూట రక్తం తీసి చూసే పరీక్షలో ఇలాంటి పాత రోగులకు చాలాసార్లు ఏమీ కనబడదు. మా నానమ్మకూ అంతే అయింది. “రక్తంలో ఏం లేదన్నారు నాన్నా, మరి ఇదేంటో” అని కాలు చూపిస్తుంది.

క్షయ తగ్గాక మిగిలే ఇబ్బందులకు బి90 ఉంది. పోలియో మిగిల్చినదానికి బి91, కుష్ఠుకు బి92. దోమ మిగిల్చిన ఈ కాలికి మాత్రం సొంత కోడు లేదు. మిగులుగా చూపాలంటే ‘ఇతర అంటువ్యాధుల తర్వాతి ఫలితాలు’ అనే బి94.8 గంపలో వేయాలి. మన వికలాంగుల హక్కుల చట్టం (2016) కూడా కుష్ఠు నయమైనవారిని పేరు పెట్టి చెప్పింది గానీ ఫైలేరియా పేరెత్తలేదు.

ఇప్పుడే ఎందుకు రాస్తున్నానంటే, 2027 నాటికి ఫైలేరియాను నిర్మూలిస్తామని కేంద్రం లక్ష్యం పెట్టుకుంది. ఏటా ఇంటింటికీ వచ్చి మింగించే డీఈసీ, ఆల్బెండజోల్ మాత్రలు వ్యాప్తిని ఆపుతాయి. పాత వాపును తీసేయలేవు. నిర్మూలన జరిగిందని ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒప్పుకోవాలంటే బోదకాళ్లు, ఇదే జబ్బు వల్ల వచ్చే వరిబీజం ఉన్నవారు ఏ ప్రాంతంలో ఎందరో, వాళ్లకు వైద్యం ఎక్కడ దొరుకుతుందో కూడా చూపాలి. ‘కాళ్ల వాపు’ చీటీల నుంచి ఆ లెక్క ఎలా తీస్తారు?

పింఛను సంగతీ అంతే. తెలంగాణలో ఫైలేరియా బాధితులకు 2018లో పింఛను మొదలైంది. ఆంధ్రప్రదేశ్‌లో రెండు కాళ్లకూ నాలుగో గ్రేడు (వాపు తీవ్రతను చెప్పే అంకె) బోద ఉంటే నెలకు 10,000 రూపాయలిస్తున్నారు. రెండూ మంచి పనులే. కానీ గ్రేడు ఎక్కడ రాసి ఉంది? మా పక్కింటి పెద్దాయనకు రెండు కాళ్లూ బోదే. సర్టిఫికెట్ కోసం తిరుగుతున్నాడు. పాత కాగితం చూపమంటే ఆయన సంచిలోనూ జ్వరం చీటీలే.

నేను కోరేది చిన్న మార్పు. రెండు రాష్ట్రాల ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల ఓపీ కంప్యూటర్లలో బోదకాలుకు ముందు శోషరసం పేరుకున్న వాపును చెప్పే ఐ89.0, దాని వెంట బి94.8 వేయాలి. ఏ కాలు, ఎన్నో గ్రేడు అని రెండు గళ్లు కలపాలి. వరిబీజానికి ఇలాగే వేరే నమోదు ఉండాలి, అది ఆపరేషన్‌తో బాగయ్యేది కాబట్టి. పదకొండో వర్గీకరణలో కుడి, ఎడమలను కోడుకు జోడించే వీలుంది. మనం దానికి మారేదాకా ఈ గళ్లు చాలు. ఓపీలో వంద మందిని చూసే డాక్టరు నెత్తిన ఈ పని పెట్టమనడం లేదు. అమెరికావాళ్ల మచ్చలకు ఏడక్షరాలు వెతికిపెట్టే పిల్లలు అమీర్‌పేటలో వీధికి పదిమంది దొరుకుతారు. ఏరియా ఆసుపత్రికి ఒకరిని తీసుకున్నా సరిపోతుంది.

కోడు వేస్తే కాలు తగ్గదు, తెలుసు. రోజూ సబ్బుతో కడిగి, వేళ్ల సందులు తడి లేకుండా తుడిచి, కాలు ఎత్తులో పెట్టుకుంటే జ్వరాలు తగ్గుతాయని నానమ్మకు ఎవరూ చెప్పలేదు. ఆవిడ పేరు ఏ బోదకాళ్ల జాబితాలోనూ లేదు మరి, చెప్పడానికి ఎవరొస్తారు?

అన్నట్టు, ఆ చీటీలో ‘కాళ్ల వాపు’ అన్నది కూడా తప్పే. వాపు ఎడమకాలికి మాత్రమే.

ఇట్లు,
ఒక మెడికల్ కోడర్,
హైదరాబాద్