మంత్రిగారూ, ఆ కాగితం మావాడికి చదవడం రాదండి

ఒడిశా న్యాయశాఖ మంత్రి గారికి,

నమస్కారం సార్. రాయగడ నుంచి రాస్తున్నాను. గంజాయి కేసులో కింది కోర్టు నిర్దోషి అని వదిలేసిన మా అక్క కొడుకు మీద మీ ప్రభుత్వం అప్పీలు వేసింది, దాని గురించే ఈ ఉత్తరం. మాది తెలుగిల్లు, మూడు తరాలుగా ఇక్కడే ఉన్నాం. ఒడియా బాగానే మాట్లాడతాం, బజార్లో బేరాలన్నీ ఒడియాలోనే, కానీ మా ఇంట్లో సగంమందికి ఆ అక్షరాలు రావు. మా అక్క కొడుకు పార్వతీపురంలో తాతగారింట్లో ఉండి తెలుగు మీడియంలో ఎనిమిది దాకా చదివాడు, తర్వాత వచ్చి ఇక్కడ ఆటో నడుపుకున్నాడు.

ఒకరోజు సాయంత్రం ఇద్దరు ఎక్కారు. రోడ్డు మీద పోలీసు జీపు కనపడగానే ఒకడు దూకి తోటల్లోకి పారిపోయాడు, రెండోవాడూ మావాడూ దొరికిపోయారు. వెనక సీటు కింద సంచిలో గంజాయి, 22 కిలోలు అని రాసారు. 20 కిలోలు దాటితే కమర్షియల్, అంటే వ్యాపారం కింద లెక్క కదండీ, పదేళ్ళకి తక్కువ శిక్ష ఉండదు, బెయిలు అడిగితే 1985 మత్తుపదార్థాల చట్టం 37వ సెక్షన్ అడ్డం. పైనున్న ఆ రెండు కిలోలే మావాడి మూడేళ్ళు తినేసాయి. సంచితో సహా తూచారా, సంచి తీసేసి తూచారా అని కోర్టులో అడిగితే కాటా వేసిన షాపతనికి గుర్తులేదన్నాడు.

లాయరుగారు కాపీలు చేతిలో పెట్టినప్పుడు ఒక కాగితం చూసాను సార్, అది ఇప్పటికీ కళ్ళముందే ఉంది. ఒడియాలో చేత్తో రాసిన ఆరు లైన్లు. నన్ను గెజిటెడ్ ఆఫీసర్ ముందో మేజిస్ట్రేట్ ముందో సోదా చెయ్యమని అడిగే హక్కు నాకుందని చెప్పారు, నాకు అక్కర్లేదు, మీరే చూస్కోండి అని దాని అర్థం. కింద మావాడి సంతకం, తెలుగులో, గుండ్రంగా, స్కూలు పిల్లల రాతలాగా. దాని పక్కనే రెండోవాడి వేలిముద్ర. ఇద్దరికీ కలిపి ఒకటే కాగితం. ఏం రాసుందిరా అని అడిగితే ఫోను తీసుకున్నట్టు రసీదు అనుకున్నా మావయ్యా అన్నాడు.

అదే 1985 చట్టంలో 50వ సెక్షన్ ఉన్నది దీనికే. ఆ హక్కు ఉందని మనిషికి చెప్పి తీరాలని 1999లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది, ఏదో చెప్పామనిపించుకుంటే కుదరదు, కచ్చితంగా పాటించాల్సిందేనని 2010లో ఇంకో ధర్మాసనం చెప్పింది, ఇద్దర్ని నిలబెట్టి ఉమ్మడిగా చెప్తే చాలదు, ఎవరికి వాళ్ళకి విడిగా చెప్పాలని 2014లో పరమానంద్ కేసులో చెప్పింది. సంచికి 50 వర్తించదు, ఒంటి మీద సోదాకే అని ప్రభుత్వ లాయరు పీపీగారు అంటారు, నిజమే, 2005లో ఆ తీర్పూ ఉంది. మావాడి జేబులో దొరికింది 140 రూపాయలూ ఫోనూ. కానీ సార్, చదవడం రానివాడి చేత చదివాను ఒప్పుకున్నాను అని సంతకం పెట్టించిన చెయ్యే కదా సంచి బరువూ, సీలూ, శాంపిలూ అన్నీ రాసింది, వాటిని ఎలా నమ్మమంటారు?

కింది కోర్టు మావాణ్ణి వదిలింది కూడా ఆ ఒక్క కాగితం చూసే కాదు. శాంపిల్ మేజిస్ట్రేట్ ముందు తియ్యలేదు, అలా తియ్యాలని 2016లోనే సుప్రీంకోర్టు మోహన్‌లాల్ కేసులో చెప్పింది. శాంపిల్ ఎలా తియ్యాలో చెప్పే 52ఏ సెక్షన్ తప్పినంతమాత్రాన కేసు పోదని 2025లో అన్నారు, సరే, మరి మిగతా సాక్ష్యం గట్టిగా ఉండాలి కదా. ఇక్కడ పోలీసులు పట్టిన సరుకు దాచే మాల్‌ఖానా నుంచి ల్యాబ్‌కి వెళ్ళేదాకా ఆ ప్యాకెట్ ఎవరి దగ్గరుందో చెప్పిన సాక్షే లేడు. నిర్దోషి అని వదిలేసారు. మా అక్క మజ్జిగౌరమ్మ గుడికి నడిచి వెళ్ళి మొక్కు తీర్చుకుంది. పై కోర్టు పిలిస్తే వస్తానని రాయించుకున్న ఆరు నెలల బాండు కూడా అయిపోయింది, హమ్మయ్య అనుకున్నాం, అప్పుడొచ్చింది కటక్ హైకోర్టు నుంచి నోటీసు, ప్రభుత్వం అప్పీలు వేసిందని.

అప్పీలు వేసే హక్కు మీకుంది, కాదనట్లేదు. కానీ ఆ అప్పీలు విచారణకి తీసుకుంటే నిర్దోషిగా వదిలిన మనిషిని కూడా మళ్ళీ అరెస్టు చేయించి జైలుకో బెయిలుకో పంపే అధికారం హైకోర్టుకి ఉంది, పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్పీసీ)లో 390వ సెక్షన్. మావాడు ఆ మాట విన్నప్పట్నుంచీ ఆటో తియ్యట్లేదు. కటక్ వెళ్ళాలంటే హిరాఖండ్ రైల్లో రాత్రంతా కూచుని భువనేశ్వర్‌లో దిగి మళ్ళీ బస్సు, లాయరు ఫీజు వేరే, మా అక్క గాజులు ఇప్పటికే తాకట్టులో ఉన్నాయి.

గంజాయి వాళ్ళని వదిలెయ్యమని నేను రాయట్లేదు సార్. మా వీధిలో పదో క్లాసు పిల్లలు పాడైపోతున్నారు, నాకూ ఇద్దరు కొడుకులున్నారు. ఆ రోజు దూకి పారిపోయినవాణ్ణి ఎవరూ వెతకలేదు, సరుకు ఎవరిదో ఎవరూ అడగలేదు, అదీ నా బాధ. కాగితం సరిగ్గా రాయకపోతే అసలు దొంగ కూడా ఇదే దారిలో బయటికొస్తాడు, అప్పుడు అప్పీలు వేసి ఏం లాభం?

మీ శాఖ అప్పీలుకి సరే అనేముందు సోదా కాగితాలు తెప్పించుకుని చూడండి. తప్పు సోదాలోనే జరిగితే అడగాల్సింది సోదా చేసినవాళ్ళని. కింది కోర్టు చెప్పిందీ సబబుగానే ఉంటే నిర్దోషి తీర్పు జోలికి పోకూడదని 2007లో చంద్రప్ప కేసులో సుప్రీంకోర్టు అననే అంది. ఆ హక్కు కాగితం మా జిల్లాల్లో తెలుగులో కూడా అచ్చువేయించండి, కువి, సవర, కోయ మాట్లాడేవాళ్ళకి వాళ్ళ భాషలో చెప్పించండి, చెప్తుండగా ఫోన్లో వీడియో తియ్యండి. 2024 జూలై 1 నుంచి సీఆర్పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం 105వ సెక్షన్ ప్రకారం సోదాకి వీడియో ఎలాగూ తియ్యాలి, అందులో ఈ రెండు నిమిషాలు కూడా ఉండేలా చూడండి.

వచ్చే వాయిదాకి హిరాఖండ్‌లో రెండు టికెట్లు తీసాను, వాడికీ నాకూ. ఈలోపు మావాడి ఫైల్ తెప్పించి ఆ ఆరు లైన్లూ, కిందున్న తెలుగు సంతకం ఒక్కసారి చూడండి సార్.

ఇట్లు,
వాడి మేనమామ,
రాయగడ