మన బెజవాడ సుభద్రమ్మ పేరు ఎవరికీ గుర్తులేదా?

ఎడిటర్ గారికి నమస్కారం.

మొన్న ఆదివారం మధ్యాహ్నం టీవీలో మాయాబజార్ వేశారండి. ఎన్నిసార్లు చూశామో లెక్కలేదు కానీ వేస్తే లేవబుద్ధి కాదు కదా, ఇంటిల్లిపాదీ కూర్చున్నాం. అడవిలో ఘటోత్కచుడు రథానికి అడ్డం పడ్డాక సుభద్ర విల్లు పట్టుకుని నిలబడుతుంది చూడండి, అక్కడ మా మనవరాలు "అమ్మమ్మా, ఈమె ఎవరు?" అని అడిగింది. నేను నోరు తెరిచేలోపే పక్కింటావిడ కన్నాంబ అనేసింది, మా తమ్ముడేమో కాదు శాంతకుమారి అన్నాడు. ఇద్దరూ కాదండీ, ఆవిడ ఋష్యేంద్రమణి గారు. మన విజయవాడలో పుట్టిన మనిషి. ఎస్వీఆర్ డైలాగులు పొల్లు పోకుండా అప్పజెప్పేవాళ్ళకి కూడా, అదీ ఇదే ఊళ్ళో, ఆవిడ పేరు తెలియకపోవడం నాకు చాలా బాధేసింది, అందుకే ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఆవిడ 1917లో పుట్టారు. చిన్నప్పటి నుంచే నాటకాలు. ఆ రోజుల్లో సినిమాకి ప్లేబ్యాక్ లేదు, ఎవరి పాట వాళ్ళే పాడుకోవాలి, అందుకని స్టేజీ మీద పద్యం పాడి మెప్పించిన వాళ్ళకే పిలుపు వచ్చేది. 1935లో వచ్చిన శ్రీకృష్ణ తులాభారంలో సత్యభామ ఆవిడే, అప్పటికి 18 ఏళ్ళు. 1942లో పత్ని సినిమాలో కథానాయిక కణ్ణగి. అంటే హీరోయిన్‌గానే మొదలుపెట్టారన్నమాట, ఈ సంగతి చెప్తే మా ఇంట్లో ఎవరూ నమ్మలేదు.

మరి 1951 వచ్చేసరికి మల్లీశ్వరిలో భానుమతి గారికి తల్లి అయిపోయారు. అప్పుడు ఋష్యేంద్రమణి గారికి 34, భానుమతి గారు 1925లో పుట్టారు, ఇద్దరికీ తేడా ఎనిమిదేళ్ళు! అయినా ఎక్కడా తేడా కనపడదు. కూతురు మనసు తెలిసీ డబ్బు మీద ఆశ చంపుకోలేని ఆ తల్లి మీద మనకి కోపం వస్తుంది, కూతుర్ని రాణివాసానికి తీసుకుపోయే పల్లకీ వెళ్ళిపోయాక ఆమెని చూస్తే జాలీ వేస్తుంది, ఒకే మనిషి మీద రెండూ పుట్టించడం చిన్న విషయం కాదండి. 1954లో విప్రనారాయణలో మళ్ళీ భానుమతి గారికే తల్లి.

ఇక మాయాబజార్ సంగతి. అందులో సుభద్రకి అన్న బలరాముడు, వేసింది గుమ్మడి గారు, మన తెనాలి దగ్గర రావికంపాడు ఆయనది, పుట్టింది 1927లో. అంటే చెల్లెలు అన్నకంటే పదేళ్ళు పెద్ద. తల్లీ అంటూ కాళ్ళమీద పడే ఘటోత్కచుడు ఎస్వీ రంగారావు గారు పుట్టింది 1918లో, ఆవిడకంటే ఒక్క ఏడాది చిన్న. కొడుకు అభిమన్యుడు నాగేశ్వరరావు గారికి ఏడేళ్ళే తేడా. ఇవన్నీ తెలిసి చూసినా సరే, ఇచ్చిన మాట తప్పావని అన్నని నిలదీసేటప్పుడు ఆ గొంతులో పుట్టింటి మీద అలిగిన చెల్లెలే వినపడుతుంది నాకు. మేకప్ వల్ల వచ్చేది కాదది, నాటకంలో మాటని ఎక్కడ ఎత్తాలో ఎక్కడ ఆపాలో నేర్చుకున్న మనిషికి వచ్చేది.

ఇంత చేసిన ఆవిడ పేరు ఎందుకు పోయిందంటే నాకు కనపడే కారణం ఒకటుంది. పాత సినిమాలకి పేర్లన్నీ మొదట్లోనే పడతాయి, చివర్లో శుభం తప్ప ఏమీ ఉండదు. టీవీ వాళ్ళేమో యాడ్స్ టైం కోసం ఆ టైటిల్సే కోసేస్తారు, మొన్న కూడా సగం నుంచే మొదలైంది. హీరో హీరోయిన్ల పేర్లు ఎలాగూ అందరికీ తెలుసు, తల్లి వేషాలు, అత్త వేషాలు వేసిన ఆడవాళ్ళకి ఆ మూడు నిమిషాల టైటిల్సే ఆధారం, అవీ తీసేస్తే ఇంకెక్కడ తెలుస్తాయి? సినిమా ఎటూ మూడు గంటలు వేస్తున్నారు, దయచేసి ఆ కాస్తా వేయండి బాబూ.

మీ పేపర్‌కి కూడా ఒక విన్నపం. ఆవిడ పుట్టినరోజు జనవరి 1. ఆ రోజు పేజీల నిండా న్యూ ఇయర్ గ్రీటింగ్సే ఉంటాయి, 2002 ఆగస్టు 17న చనిపోయారు, ఆ రోజు ఆగస్టు 15 హడావుడి ఇంకా తగ్గి ఉండదు. అందుకని రెండిట్లో ఏదో ఒక రోజు విజయవాడ ఎడిషన్‌లో నాలుగు లైన్లు, ఒక ఫొటో వేయండి, సుభద్ర వేషంలో ఉన్నదే వేస్తే జనం వెంటనే గుర్తుపడతారు.

అలాగే తుమ్మలపల్లి కళాక్షేత్రంలో ఆవిడ ఫొటో ఒకటి పెట్టమని కార్పొరేషన్ వాళ్ళకి మీ ద్వారా అడుగుతున్నాను. ఫొటో కట్టించే ఖర్చు మా వీధి వాళ్ళం చందాలేసుకుని పెట్టుకుంటాం, గోడ మీద చోటిస్తే చాలు.

- ఒక పాఠకురాలు, సత్యనారాయణపురం, విజయవాడ