అరగంట సినిమాతో పాటు మిగిలిన ఫుటేజీ కూడా తీసుకోండి

గౌరవనీయులైన రాష్ట్ర సాంస్కృతిక, సినిమాటోగ్రఫీ శాఖల మంత్రి గారికి,

నమస్కారం. విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల్లో సాహిత్య, కళా చరిత్ర మీద సొంతంగా డాక్యుమెంటరీలు తీసేవాళ్లం రాస్తున్నాం.

ఈ దారిలో ఏళ్ల తరబడి పనిచేసే దర్శకుడికి ఒక సినిమాలో దొరికిందే ఇంకో సినిమాకి ఆధారం. గురజాడ కోసం విజయనగరం సంస్థానం సంగతులు తవ్వితే 1919 నాటి సంగీత కళాశాల, దాని తొలి ప్రిన్సిపాల్ ఆదిభట్ల నారాయణదాసు, తర్వాత వయొలిన్ విద్వాంసుడు ద్వారం వెంకటస్వామినాయుడు వరసగా తగులుతారు. అరగంట సినిమాకి ముప్పై గంటలు తీసిన సందర్భంలో, తర్వాతి సినిమాలకి కావలసిందంతా వాడని ఫుటేజీలోనే ఉంటుంది. సాయం చేసేవాళ్లు అడిగేది మాత్రం ఆ అరగంటే.

బాగా స్పష్టంగా కనపడే 4కే వీడియోలో సెకనుకి 100 మెగాబిట్ల చొప్పున తీస్తే గంటకి 45 జీబీ, ముప్పై గంటలకి 1.35 టీబీ. మూడు కాపీలుండాలి, అందులో ఒకటి వేరే ఊళ్లో. బడ్జెట్‌లో దీనికి పైసా ఉండదు కాబట్టి అంతా ఒకే హార్డ్‌డిస్కులో బీరువా చేరుతుంది. ఏళ్ల తర్వాత తీస్తే డిస్కు తిరగదు.

పోయేది ఎంత కష్టపడి తీసిందో కూడా చూడండి. తప్పెటగుళ్లు అనే జానపద నృత్యంలో రేకు తప్పెట ఛాతీకే కట్టుకుని గెంతుతారు. కాలర్ మైకు పెడితే ఆ దెబ్బలకి శబ్దం పగిలి పాట వినపడదు. మైకుని కర్రకి కట్టి తల పైనుంచి పట్టాలి, రికార్డింగు లెవెలు మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆపాలి, మొదటిది పగిలినా పనికొచ్చేలా ఇంకో 10 తగ్గించి రెండో ట్రాకు కూడా నడపాలి. తర్వాత కళాకారుల్ని కూర్చోబెట్టి పాట ఒక్కటే మళ్లీ పాడించుకుని మాటలు రాసుకోవాలి. ఒక్క పూట షూటింగుకి సరిపడా డబ్బుతో ఇది కాదు. అందుకే సాయంలో కొంత పరిశోధన దశలోనే ఇవ్వాలి.

హక్కుల సంగతి ముందే తేల్చుకోవాలి. రచయిత పోయాక 60 ఏళ్ల దాకా అనుమతి తప్పదు. గురజాడ 1915లోనే పోయారు గనక చిక్కు లేదు. చాసో (చాగంటి సోమయాజులు) కథలకి 2054 చివరిదాకా, కాళీపట్నం రామారావు (కారా మాస్టారు) గారి కథలకి 2081 చివరిదాకా వారసుల సంతకం కావాలి. కళాకారుల అనుమతి పత్రంలో ‘వాడని ఫుటేజీ భద్రపరచి పరిశోధకులకి చూపడానికి’ అన్న మాట లేకపోతే దాచినదాన్ని ఎవరికీ చూపలేం.

కనుక ప్రభుత్వ సాయం అందుకున్న ప్రతి డాక్యుమెంటరీ పూర్తి ఫుటేజీనీ, అనుమతి పత్రాలనీ, ఎవరు ఎక్కడ ఏం మాట్లాడారో చెప్పే పట్టికనీ జమచేయాలని షరతు పెట్టండి. ఆ ఖర్చూ సాయంలోనే కలపండి. జమచేసే చోటు ఈ జిల్లాల్లోనే ఉండాలి. కారా మాస్టారు 1997లో శ్రీకాకుళంలో కథానిలయం అనే కథల గ్రంథాలయం పెట్టి కథలకి చేసిన మేలు ఈ గొంతులకీ జరగాలి. ఏసీ గది, టేపు యంత్రం, పని తెలిసిన ఒక ఉద్యోగి ఉంటే మొదలుపెట్టొచ్చు. కంప్యూటర్ డేటా దాచే ఒక్క ఎల్‌టీఓ-9 టేపులో 18 టీబీ పడుతుంది, అంటే ఇలాంటి పదమూడు సినిమాల ఫుటేజీ.

ముందుగా పాత మినీడీవీ టేపులు (ఒకప్పటి చిన్న వీడియో క్యాసెట్లు) చూడాలి. గంట టేపు కంప్యూటర్‌లోకి ఎక్కడానికి గంట పడుతుంది, 13 జీబీ చోటు చాలు. వాటిని ఆడించే క్యామ్‌కార్డర్లు ఇంకా పనిచేస్తుండగానే ఆదేశాలివ్వండి.

ఇట్లు,
విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల డాక్యుమెంటరీ దర్శకులు, కెమెరా, సౌండ్ విభాగాలవాళ్లు